స్లెమెన ఆవు నంబరు 4471

మంచు కరిగిపోతుంది, పందెంలో గెలిచిన పేర్లు నాలుగేళ్ళకి మరుగున పడతాయి, మనుషులు ఎలాగూ పోతారు. ఈ లోకంలో శాశ్వతమైనది ఒక్కటే, సరిగ్గా నింపిన దరఖాస్తు. మా స్లెమెన లోయలో ఈ సంగతి అందరికీ ఎప్పుడో తెలుసు. మహిళల స్కీ ప్రపంచ కప్పు కూడా దాని మీదే ఆధారపడి ఉందని మాత్రం మొన్నటి శీతాకాలంలోనే రుజువైంది.

మా ఊరి పిల్ల బ్రీనా పొద్లోగర్ ఆ ఏడు కప్పు పోటీలో ఉంది. అక్టోబరు ఆఖరు నుంచి మార్చి దాకా వారం వారం ఒక కొండ మీద పందెం. గెలిస్తే నూరు పాయింట్లు, రెండో స్థానానికి ఎనభై, మూడో స్థానానికి అరవై, అలా తగ్గుతూ పోతాయి. చివరికి ఎవరి మొత్తం ఎక్కువైతే వాళ్ళకి ఒక గాజు గోళం ఇస్తారు. (అయిదు నెలలు ప్రాణాలకి తెగించి దూకిన మనిషికి పగిలిపోయే వస్తువు ఇవ్వడం ఎవరి ఆలోచనో తెలపవలసిందిగా అభిమానుల క్లబ్బు కార్యదర్శి హోదాలో నేను ఉత్తరం రాశాను. పరిశీలనలో ఉంది.)

బ్రీనా వెనకాల క్లబ్బు ఉంది, క్లబ్బు వెనకాల బ్రీనా తల్లి రెజ్కా ఉంది, రెజ్కా చేతిలో ఒక గంట ఉంది. వాళ్ళ మామగారి కాలంలో మందకి ముందు నడిచే ఆవు మెడలో కట్టిన అయిదు కిలోల రాగి గంట అది. బ్రీనా చిన్నప్పుడు ఎదురు కొండ మీద స్కీలతో ఆడుతుంటే, అన్నం వేళకి రెజ్కా అరుగు మీద నిలబడి ఆ గంట కొట్టేది. పొగమంచులో ఏమీ కనపడకపోయినా పిల్ల ఆ చప్పుడు పట్టుకుని నేరుగా గుమ్మంలోకి జారేది. పెద్దయ్యాక కూడా ఆ అలవాటు పోలేదు. ప్రతి పందెంలోనూ రెజ్కా గమ్యం దగ్గర నిలబడి గంట కొడుతుంది, అది చెవిన పడగానే బ్రీనా ఇక భయం వదిలేసి ఇంటికొస్తున్నట్టు దూసుకొస్తుంది.

సెప్టెంబరులో మునిసిపాలిటీ వారు ధ్వని నిబంధనలు సవరించారు. పద్నాలుగో నిబంధన ప్రకారం రెండు కిలోలు దాటిన గంట బహిరంగంగా మోగాలంటే అది నమోదైన ఆవు మెడలో ఉండాలి. స్లెమెనలో పోత పోసిన గంట ఏ దేశంలో మోగినా స్లెమెన గంటే కాబట్టి నిబంధన దానితోపాటే ప్రయాణిస్తుంది. క్లబ్బులో మిగతావాళ్ళు గంటలు అటకెక్కించి ప్లాస్టిక్ చిడతలు కొనుక్కున్నారు. రెజ్కా కొనుక్కోలేదు. అధికారులు గంట తీసుకెళ్ళి బీరువాలో పెట్టారు. మొదటి పందెంలో గంట లేదు. దారి చూపే జెండా కర్రల గేట్లలో మూడోదాని దగ్గరే బ్రీనా దారి తప్పి బయటికి పోయింది. సున్నా పాయింట్లు.

రెజ్కా, నేను కలిసి గ్రామీణ ధ్వనుల విభాగం అధిపతి హోచెవర్ గారి దగ్గరికి వెళ్ళాం. ఆయన చెడ్డవాడు కాదు. గోడ మీద బ్రీనా ఫోటో కూడా ఉంది. నిబంధన మార్చడం తన చేతిలో లేదనీ, నిబంధనకి సరిపోయేలా మనం మారడం ఎప్పుడూ మన చేతిలోనే ఉంటుందనీ ఓపికగా వివరించారు. ఆవుల నమోదు ఫారం తీసి మా ముందు పెట్టారు.

దరఖాస్తును చివరి దాకా చదివే అలవాటు మా క్లబ్బులో నాకొక్కదానికే ఉంది. చదివాను. జాతి అడిగారు, వయసు అడిగారు, కొమ్ములున్నాయా అని అడిగారు. కాళ్ళెన్ని అని ఎక్కడా అడగలేదు.

"వయసు అరవై ఒకటి అని వేస్తే ఒప్పుకుంటారా నాయనా?" అని రెజ్కా అడిగింది.

"నిజమే రాయండి రెజ్కా గారూ. తప్పుడు వివరాలిస్తే శిక్ష ఉంటుంది" అన్నారాయన.

జాతి: స్థానిక. కొమ్ములు: లేవు. నివాసం: మా ఆయన పోయాక ఖాళీగా ఉన్న నా కొట్టం. మూడు రోజుల్లో స్లెమెన ఆవు నంబరు 4471 గా రెజ్కా నమోదైంది, గంట బీరువాలోంచి బయటికొచ్చింది. నంబరు వేసిన పసుపు బిళ్ళలు రెండు చెవులకీ ఉండాలన్నారు. పోగులకి తగిలించుకుంది. పసుపు తనకి బాగా నప్పుతుంది.

అక్కడి నుంచి సీజను చక్కగా సాగింది. రెజ్కా గంట మెడలో వేసుకుని బస్సెక్కేది. సరిహద్దు దాటాలంటే పశు రవాణా పత్రం కావాలి. ఎనిమిది గంటలకోసారి బండి ఆపి పశువుని దింపి, నీళ్ళు పెట్టి, నడిపించాలని చట్టం. బస్సులోని మిగతా నలభై ఒక్క మందికి అలాంటి చట్టం లేదు కాబట్టి వాళ్ళు ఆవు పేరు చెప్పుకుని దిగి కాళ్ళు చాపుకునేవాళ్ళు. బ్రీనా డిసెంబరులో రెండు పందేలు గెలిచింది. జనవరికి ఆస్ట్రియా పిల్ల గ్రేటె హోల్ట్స్ ఒక్కతే ముందు మిగిలింది.

జనవరిలోనే రెజ్కా మంచు మీద జారి కుడి మోకాలు బెణికించుకుంది. ఆరోగ్య కేంద్రానికి వెళ్తే నిపుణుడి దగ్గరికి వచ్చే ఏడాది మే నెలలో రమ్మని చీటీ ఇచ్చారు. ఇంటికొస్తుంటే దారిలో పశువైద్యురాలు మిర్యమ్ ఆమె చెవి బిళ్ళ చూసి ఆగింది. నమోదైన పశువు కుంటితే ఇరవై నాలుగు గంటల్లో వైద్యం అందాలి, లేకపోతే ఆమె ఉద్యోగం పోతుంది. ఆ సాయంత్రమే కొట్టానికొచ్చి మోకాలు ఫోటో తీసి, సూది వేసి, కట్టు కట్టింది. పది రోజులు గడ్డి మీద పడుకోబెట్టాలని నాకు రాసిచ్చింది. వారానికల్లా రెజ్కా మెట్లెక్కింది.

ఫిబ్రవరిలో పాల దిగుబడి నివేదిక అడిగారు. ఉన్నదున్నట్టు రాశాను: పాలు సున్నా, వాల్‌నట్ రొట్టెలు వారానికి రెండు. వారం తిరక్కుండా నోటీసు వచ్చింది. పదేళ్ళు దాటి పాలివ్వని ఆవును మంద నుంచి తొలగించడమైనది, వాహనం మార్చి పదిహేడు ఆదివారం ఉదయం తొమ్మిదికి వస్తుంది, ఆవును ఖాళీ కడుపుతో సిద్ధంగా ఉంచవలెను.

మార్చి పదిహేడు ఆఖరి పందెం. ఈ ఏడు అది మా కొండ మీదే. గ్రేటె ఇరవై ఏడు పాయింట్లు ముందుంది. బ్రీనా గెలిచి తీరాలి, గ్రేటె మూడో స్థానానికో ఇంకా కిందికో పడాలి. గంట లేకుండా అది జరగదని లోయలో కుక్కలక్కూడా తెలుసు.

రెజ్కా నోటీసు రెండుసార్లు చదివించుకుని విన్నది. తొమ్మిదింటికి మొదటి విడత పరుగు ఉంటుంది కదా, సాయంత్రం రమ్మనకూడదా అని అడిగింది.

నేను నోటీసును వెనక వైపు కూడా చదివాను. చిన్న అక్షరాల్లో ఉంది: తల్లి వెంట తిరిగే దూడ ఉన్న పక్షంలో, ఆ దూడ తల్లిని మరిచేదాకా తొలగింపు వర్తించదు.

హోచెవర్ గారు ఆ వాక్యం చదివి కళ్ళజోడు తుడుచుకున్నారు. దూడ వయసు ఇరవై నాలుగు అంటే అలాగే రాసుకున్నారు, ఫారంలో గరిష్ఠ వయసు లేదు. కాకపోతే తల్లి గంట వినగానే దూడ పరుగెత్తుకు రావడం ఒక అధికారి కళ్ళారా చూడాలి. ఎక్కడ, ఎప్పుడు చూపిస్తారని అడిగారు. ఆదివారం, గమ్యం గీత దగ్గర అని చెప్పాను. వాహనం వాళ్ళని కూడా అక్కడికే పంపిస్తానన్నారు. దూడ రాకపోతే ఆవును అటునుంచి అటే ఎక్కించుకుపోవచ్చు, పని సులువవుతుంది.

ఆదివారం పొద్దుటి నుంచీ మంచు కురిసింది. మొదటి విడతలో బ్రీనా నాలుగో స్థానం. గ్రేటె మొదటి స్థానం. రెండు విడతల సమయం కలిపి లెక్కేస్తారు; రెండో విడతలో వెనకబడ్డవాళ్ళు ముందు దిగుతారు, ముందున్నవాళ్ళు ఆఖర్న దిగుతారు. బ్రీనా వంతు వచ్చేసరికి కొండ సగం పొగమంచులోకి పోయింది. గమ్యం దగ్గర రెజ్కా మెడలో గంట, పక్కన కాగితాల అట్ట పట్టుకుని హోచెవర్ గారు, వెనకాల తలుపు తెరిచి పెట్టిన పశువుల బండి.

"కొట్టనా నాయనా?" అంది రెజ్కా.

"మీ దూడ, మీ ఇష్టం" అన్నారాయన.

కొట్టింది. లోయంతా మోగింది. పైన తెల్లటి గోడ తప్ప ఏమీ కనపడలేదు. గేటు కర్రలు తగిలిన చప్పుడు మాత్రం టక టకమని దగ్గరవుతూ వచ్చింది. తరవాత మంచులోంచి ఎర్ర టోపీ బయటపడింది, ఎక్కడా తడబడకుండా గీత దాటి, తెరమీద అంకెలైనా చూడకుండా, అడ్డంగా కట్టిన తాడు కింద నుంచి దూరి వచ్చి తల్లి భుజం మీద తల పెట్టింది.

"మోకాలు ఎలా ఉందే అమ్మా?" అంది.

"మోకాలి సంగతి తరవాత. ముందు టోపీ సరిగ్గా పెట్టుకో, చెవులకి చలి" అంది రెజ్కా.

హోచెవర్ గారు రాశారు: దూడ గంట విని వచ్చినది. పట్టిన సమయం ఒక నిమిషం మూడు సెకన్ల నలభై ఒకటి. తల్లిని మరవలేదు. సంతకం చేసి, ముద్ర వేసి, బండి తలుపు మూయించారు.

పైన ఇంకా ముగ్గురున్నారు. ఒకమ్మాయి సెకనులో నూటికి పదకొండు వంతులు వెనకబడింది. ఇంకో అమ్మాయి గేటు తప్పింది. గ్రేటె మూడో స్థానంలో దిగింది. మొత్తం మీద బ్రీనా పదమూడు పాయింట్ల తేడాతో కప్పు గెలిచింది. (గాజు గోళం ఇప్పుడు మునిసిపాలిటీలో పశు ప్రదర్శన బహుమతుల అరలో ఉంది. దూడల విభాగం.)

ఏప్రిల్‌లో రెజ్కా కోసం మానవ హోదా పునరుద్ధరణ ఫారం తెచ్చాను. ఆరోగ్య కేంద్రం నుంచి కూడా ఆ రోజే ఉత్తరం వచ్చింది. మోకాలి నిపుణుడి దగ్గరికి మే నెలలో కాదు, ఆ పై నవంబరులో రావలెను. రెజ్కా రెండూ పక్కపక్కన పెట్టుకుని చూసింది.

"ఎడమ మోకాలు కూడా ఈ మధ్య పట్టేస్తోంది వదినా" అంది. "అది కూడా చూపించుకున్నాక మనిషినవుతాలే, తొందరేముంది."

నాకు కుడి కంట్లో శుక్లం ఉంది. రెండేళ్ళుగా పిలుపు కోసం చూస్తున్నాను. సోమవారం పొద్దున్నే ఆవుల నమోదు కిటికీ దగ్గరికి వెళ్ళాను. నా ముందు పదహారు మంది పింఛనుదారులున్నారు, అందరూ ప్రస్తుతానికి రెండు కాళ్ళ మీదే నిలబడి ఉన్నారు.