పైనుంచి కనబడే రైతు

ఆ ఉదయం హెలెన్ వేసుకున్న పథకం చాలా చిన్నది. ద్రాక్షారామం అవతల, ఊడ్పులై నెల దాటిన పచ్చటి చేను. మధ్యలో ఒకే ఒక్క రైతు వంగి కలుపు తీస్తుంటాడు. డ్రోన్ కెమెరా మెల్లగా పైకి లేస్తుంది. కనుచూపు మేరలో మరో మనిషి ఉండకూడదు. ఆరేళ్లు పెళ్లి వీడియోలు తీశాక ఆమెకు దొరికిన మొదటి డాక్యుమెంటరీ అది. ఎనిమిది దాటితే ఎండ ముదిరిపోతుంది. ఈ షాట్ రాకపోతే తన పాత కెమెరామన్‌ని హైదరాబాద్ నుంచి పిలిపించుకుంటానని దర్శకుడు రాజ్ కుమార్ నిన్ననే మొహమాటం లేకుండా చెప్పేశాడు.

రైతు పేరు బుల్లిరాజు. ఆ మూడెకరాలూ పదేళ్లుగా కౌలుకు చేస్తున్నాడు. ఆరున్నరకు అతను చేలోకి దిగాడు, డ్రోన్ గాల్లోకి లేచింది. సరిగ్గా అప్పుడే రోడ్డు మీద బండి ఆపి చూసిన పుణ్యాత్ముడెవరో, భూముల రీసర్వే వాళ్లొచ్చారనీ, పైనుంచి ఎవరు కనబడితే చేను వాళ్ల పేరునే ఎక్కుతుందనీ ఊళ్లోకి ఫోన్ చేశాడు.

పది నిమిషాల్లో చేను ఆసామి హరిబాబు, సగం గీసిన గడ్డంతో, లుంగీ ఎగ్గట్టుకుని పరుగెత్తుకొచ్చాడు.

"నువ్వు గట్టెక్కు బుల్లిరాజూ," అన్నాడు ఆయాసపడుతూ. "పైన ఫొటో పడుద్దంట."

బుల్లిరాజు గట్టెక్కాడు. హరిబాబు పాస్‌బుక్కు గుండెలకు ఆనించుకుని, ఆకాశంకేసి మొహమెత్తి నిలబడ్డాడు. అన్న ఒక్కడే కనబడితే తన వాటా గల్లంతేనని చెల్లెలు సూర్యకళ స్కూటీ మీద వచ్చి దిగింది. ఆ కబురు తెలిసి మేనత్త వచ్చింది. బాబాయి ముగ్గురు కొడుకుల్నీ వెంటబెట్టుకుని మరీ వచ్చాడు. ఏడున్నరకల్లా చేలో ఏడుగురు హక్కుదారులు తేలారు.

ఇది సర్వే కాదు, డాక్యుమెంటరీ అని హెలెన్ ఒక్కొక్కరికీ దణ్ణం పెట్టి మరీ చెప్పింది. మీ రూల్స్ మీకుంటాయి కదండీ అని అందరూ ఎంతో మర్యాదగా ఒప్పుకున్నారు గానీ, ఒక్కరూ అంగుళం కదల్లేదు. పైగా గట్టు మీద ఆమెకు కుర్చీ వేయించి, కొబ్బరిబొండం కొట్టించారు. డ్రోన్‌ను కాస్త కిందికి దించితే తన మొహం స్పష్టంగా పడుతుంది కదా అని సూర్యకళ రహస్యంగా అడిగి చూసింది. ఈలోగా రాజ్ కుమార్ రెండుసార్లు ఫోన్ చేశాడు. మిగిలింది ఒక్కటే బ్యాటరీ.

ఏడుపూ కోపమూ కలిసి ముంచుకొచ్చి హెలెన్ లేచి నిలబడింది.

"సరేనండి, అందరూ చేలోనే ఉండండి. కానీ ఊరికే నిలబడితే రైతని ఎవరనుకుంటారండీ? వంగి కలుపు తీయండి. నేను చెప్పేదాకా నడుం ఎత్తకూడదు."

ఏడుగురూ వంగారు. రెండో నిమిషంలో మేనత్త మోకాళ్లు పట్టుకుని గట్టు చేరింది. కాలికి జలగ పట్టి సూర్యకళ కేకలేస్తూ గట్టెక్కింది. బాబాయి కొడుకులు ముగ్గురికీ ఒకేసారి టౌన్‌లో పని గుర్తొచ్చి, తండ్రిని కూడా బండెక్కించుకుని వెళ్లిపోయారు. హరిబాబు మాత్రం పట్టుదలగా పీకుతున్నాడు.

"బాబుగారూ, అది వరండీ," అన్నాడు బుల్లిరాజు, చూస్తూ ఉండలేక.

హరిబాబు నడుం పట్టుకుని గట్టెక్కాడు. "వాణ్ణే దించండి మేడం. మా మనిషేనండి."

ఎనిమిదికి అయిదు నిమిషాలుండగా డ్రోన్ లేచింది. అంత పచ్చదనంలో బుల్లిరాజు ఒక్కడే. తెర మీద చూస్తుంటే హెలెన్ కళ్లు చెమర్చాయి.

షాట్ చూసి రాజ్ కుమార్ ఇక సినిమా అంతా నువ్వే తీస్తున్నావన్నాడు. తెర మీద వేయడానికి రైతు పూర్తి పేరు కనుక్కోమన్నాడు. ఆ సంబరంలోనే ఆమె బుల్లిరాజుకు ఫోన్ చేసింది.

"నా పేరొద్దండి అమ్మగారూ," అన్నాడు బుల్లిరాజు. "పేరు పడితే వచ్చే ఏడు నాకు కౌలుకివ్వరండి."

ఈలోగా అది సర్వే కాదు, సినిమాయేనని నమ్మకం కుదిరిన హరిబాబు, చేలో చిత్రీకరణకు అనుమతి పత్రం రాసి, దాంతోపాటు తెర మీద వేయమంటూ కుటుంబసభ్యుల జాబితా కూడా హెలెన్‌కు వాట్సాప్‌లో పంపించాడు.

సినిమాలో ఆ షాట్ కింద 'ఒక రైతు' అని పడింది. ఆఖర్న కృతజ్ఞతల్లో ఏడుగురి పేర్లూ 'గారు'తో సహా పడ్డాయి.