ఎనభై ఏడు శాతం దగ్గర మునిగిన పొలం

నాకు అరవై ఎకరాల పొలం ఉండేది. నవ్వకండి. ధవళేశ్వరం ఇరిగేషన్ ఆఫీసులో సీనియర్ అసిస్టెంటుకి అరవై ఎకరాలు ఎక్కడివని ఏసీబీ వాళ్ళకి ఫోన్లు కూడా చెయ్యకండి. ఆ పొలం టీవీలో ఉండేది.

నాలుగేళ్ళ కిందట టీవీకి తగిలించి ఆడుకునే గేమ్ బాక్సు ఒకటి కొన్నాను. అందులో పొలం ఆట ఒకటుంది. మొదట్లో ఒక పార, అరెకరం ముళ్ళకంప చేతికిస్తారు. అక్కణ్ణించి మనమే కొట్టుకోవాలి, దున్నుకోవాలి, నాటుకోవాలి. నాలుగేళ్ళు రెక్కలు ముక్కలు చేసుకున్నాను. రెక్కలంటే రెండు బొటనవేళ్ళు. చివరికి అరవై ఎకరాలు, కొబ్బరితోట, రెండు చేపల చెరువులు, నలభై గేదెలు అయ్యాయి. అన్నిటికీ పేర్లు పెట్టాను. మాట వినని ఒక దున్నపోతుకి ఆఫీసులో మా పైఅధికారి డి.ఈ. గారి పేరు పెట్టాను.

పగలంతా ఆఫీసులో ఊరందరి పొలాలకీ నీళ్ళు రాసేవాణ్ణి. నా పేర సెంటు భూమి లేదు. మా నాన్నది చేపల వేట. ఆయనకి వల తప్ప ఆస్తి లేదు. అందుకే సాయంత్రం ఇంటికొచ్చి ఆ కంట్రోలర్ పట్టుకుంటే, నా గట్టు మీద నేను నడుస్తున్నట్టుండేది. ఈ మాట ఇంతవరకూ మా ఆవిడతో కూడా అనలేదు.

ఇలా ఉండగా మా అత్తగారు రత్తమ్మగారు మొగల్తూరు నుంచి వచ్చారు. మోకాలి నెప్పికి రాజమండ్రిలో వ్యాయామం చేయిస్తారని పది రోజులకి వచ్చిన మనిషి మూడో నెలలో పడ్డారు. ముప్పై ఏళ్ళు చేపల వేలం పాడిన గొంతు అది. ఆవిడ "రిమోటేదే?" అంటే పక్కింటివాళ్ళు తమ రిమోటు పట్టుకొచ్చి ఇచ్చేవారు.

సాయంత్రం ఆరు నుంచి తొమ్మిది దాకా టీవీ ఆవిడది. ఒక సీరియల్లో కోడలు ఏడుస్తుంటే, మరో సీరియల్లో అత్త ఏడుస్తుంటే, మధ్యలో నేను ఏడుస్తూ కూర్చునేవాణ్ణి. నా గేదెలకి మేత వేసి ఎన్నాళ్ళయిందో!

ఆఫీసులో ఏసురాజుతో గోడు వెళ్ళబోసుకున్నాను. మేమంతా అతన్ని డౌన్‌లోడ్ ఏసురాజు అంటాం. లోకంలోని ప్రతి విషయమూ అతనిలోకి సగం వరకూ దిగి ఆగిపోయి ఉంటుంది.

"చేత్తో పట్టుకునే బుల్లి బాక్సు కొనెయ్యండి గురువుగారూ. పెద్దదాంట్లో ఉన్న ఆటలన్నీ దాంట్లోకి మార్చేసుకోవచ్చు" అన్నాడు.

"నా పొలం కూడా వచ్చేస్తుందా?"

"గేదెలతో సహా వచ్చేస్తుందండి."

"ఎలా మార్చాలి?"

"ఏముందండీ, అదేదో అడుగుద్ది. మీరు యస్ కొట్టండి. మళ్ళీ అడుగుద్ది. మళ్ళీ యస్ కొట్టండి."

"ఏం అడుగుతోందో చదవక్కర్లేదా?"

"చదివితే కంగారు పుడుద్దండి."

కొన్నాను. ఇంట్లో చెప్పకుండా కొన్నాను. మా ఆవిడ ఉషారాణి హైస్కూల్లో లెక్కల టీచరు. సమాధానం తప్పని మొదటి గీతలోనే తెలిసినా, స్టెప్పులన్నీ చూశాకగానీ సున్నా వెయ్యదు. సంచీలోంచి ఆ బుల్లి బాక్సు జారి మంచం మీద పడగానే స్టెప్పులు మొదలుపెట్టింది.

"ఏంటండీ అది?"

"ఆఫీసుది ఉషా. నీటిమట్టం మిషన్. గోదారి ఎంతుందో ఇంట్లోంచే తెలిసిపోతుంది."

"అటొకటి ఇటొకటి ఆ పుల్లలేంటి?"

"ఎడమ గట్టు, కుడి గట్టు."

"ఏ, బీ అని బటన్లున్నాయే?"

"ఏ అంటే ఆనికట్. బీ అంటే బ్యారేజీ."

"మరి ఎక్స్?"

"ఎక్స్‌ట్రా నీళ్ళు."

"వై?"

"గవర్నమెంటుని వై అని అడక్కూడదు ఉషా."

"అలాగేనండి" అని వెళ్ళిపోయింది. నమ్మేసిందని పొంగిపోయాను. ఇరవై రెండేళ్ళ సర్వీసులో ఎన్నో ఫైళ్ళు నమ్మించిన అనుభవం నాది.

మే నెల రెండో శనివారం నాకు సెలవు. తల్లీకూతుళ్ళిద్దరూ పదింటికి ఆటోలో రాజమండ్రి బయల్దేరారు. వెళ్ళిరావడానికి రెండు గంటలు పడుతుంది. వీధి తలుపు గడియ వేసి, రెండు బాక్సులనూ పక్కపక్కన పెట్టి, దణ్ణం పెట్టుకుని మొదలుపెట్టాను.

అది అడిగింది. యస్ కొట్టాను. మళ్ళీ అడిగింది. మళ్ళీ కొట్టాను. మూడోసారి మాత్రం అడగలేదు, చెప్పింది: నలభై ఒకటితో ముగిసే నంబరుకి ఓటీపీ పంపాను, అది కొట్టు అని.

నా నంబరు అరవై ఎనిమిదితో ముగుస్తుంది. నలభై ఒకటితో ముగిసేది ఉషారాణిది. నాలుగేళ్ళ కిందట ఆ అకౌంటు తెరిచినప్పుడు నా ఫోను నీళ్ళలో పడి రిపేరులో ఉంటే, ఆవిడ నంబరు ఇచ్చిన సంగతి అప్పుడు గుర్తొచ్చింది. ఫోన్ చేశాను.

"ఉషా, నీకో ఓటీపీ వచ్చుంటుంది. గ్యాస్‌ది. చెప్పు."

"గ్యాస్ మొన్ననే వచ్చింది కదండీ."

"అయితే కరెంటుది."

"కరెంటు బిల్లు నేనే కట్టాను."

"ఆఫీసుది ఉషా! నీటిమట్టానిది!"

"ఈ నంబరు ఎవరికీ చెప్పొద్దని రాసుందండీ ఇందులో."

"నేను నీ భర్తని!"

"భర్త కూడా ఎవరో ఒకరే కదండీ."

పక్కనుంచి అత్తగారి గొంతు వినబడింది. స్పీకర్ పెట్టలేదు, ఆవిడ గొంతు మామూలుగానే అలా వినబడుతుంది. "సెప్పెయ్యే పాపం, ఆఫీసు పనంటన్నాడు కదా!"

ఆరంకెలూ చెప్పింది. ఆ చెప్పడంలో నవ్వు ఉందేమోనని ఇప్పుడనిపిస్తోంది. అప్పుడు తొందరలో ఉన్నాను.

ఓటీపీ కొట్టగానే ఇంకేదో పెద్ద పేరా వచ్చింది. చదవకుండా యస్ కొట్టాను. కొట్టాక తీరిగ్గా చదివాను. దాని సారాంశం ఏంటంటే, నీ ఆటని కొత్త బాక్సులోకి కాపీ చెయ్యను, పాతదాంట్లోంచి పెరికి దీంట్లో నాటతాను, మధ్యలో కరెంటు ఆపావో, పైరు అక్కడా ఉండదు, ఇక్కడా ఉండదు, తర్వాత నన్నడక్కు.

ఏసురాజు చెప్పింది నిజమే. చదివితే కంగారు పుట్టింది.

టీవీ మీద అంకె మెల్లగా పెరుగుతోంది. పది శాతం. ఇరవై. కొబ్బరితోట దాటి ఉంటుంది అనుకున్నాను. నలభై. చెరువులు వచ్చేసి ఉంటాయి. డెబ్భై. గేదెలు ఒకదాని వెనక ఒకటి నడిచి వస్తున్నట్టే ఉంది నా ప్రాణానికి. ఎనభై మూడు దగ్గర ఆటో చప్పుడైంది.

"డాక్టరమ్మ సెలవంట" అంటూ వచ్చారిద్దరూ. తలుపు తియ్యక తప్పలేదు. అత్తగారు మోకాలు పట్టుకుని, "అబ్బా, సలుపుతోందే" అంటూ కాపడం పెట్టుకునే కరెంటు ప్యాడ్ తీసుకుని తిన్నగా టీవీ దగ్గరికి నడిచారు. ఆ గదిలో ప్లగ్గులు అక్కడే ఉన్నాయి.

"అత్తయ్యగారూ, ఆ ప్లగ్గు తియ్యకండి!"

"ఏం బాబూ?"

అంకె ఎనభై ఆరు. ఏం చెప్పను? ఇంట్లో నీటిమట్టం తప్ప ఇంకో అబద్ధం సిద్ధంగా లేదు. "అది... అది బ్యారేజీకి కలిపి ఉందండి! తీస్తే గేట్లు ఎత్తేసుకుంటాయి!"

నా మాట పూర్తయ్యేసరికి ప్లగ్గు ఆవిడ చేతిలో ఉంది. వేలంలో ముప్పై ఏళ్ళు మెలిగిన చెయ్యి, ఎదుటివాడి మాటకన్నా ముందుంటుంది.

గేమ్ బాక్సు మీద ఎర్రదీపం ఆరిపోయింది. టీవీ తెర మీద ఎనభై ఏడు మీద ఆగిన అంకె ఒక్కసారి మిణుకుమని చీకటైపోయింది.

"ఎత్తేసుకున్నాయా బాబూ?" అన్నారావిడ ప్లగ్గు పట్టుకుని, బెదిరిపోయి.

నాకా ప్రశ్న సరిగా ఎక్కలేదు. నల్లటి తెర వంక చూస్తూ, "అంతా పోయిందండి. మొత్తం మునిగిపోయింది" అన్నాను. కళ్ళల్లో నీళ్ళు కూడా తిరిగాయి.

మగాడు, గవర్నమెంటు ఉద్యోగి, కళ్ళనీళ్ళు పెట్టుకుని మునిగిపోయింది అంటే ఎవరు నమ్మరు? పైగా ఆవిడ పంతొమ్మిది వందల ఎనభయ్యారు గోదారి వరదని కళ్ళారా చూసిన మనిషి. నేను నేల మీద పాక్కుంటూ ప్లగ్గు మళ్ళీ పెట్టే లోపల ఆవిడ మొగల్తూరుకి ఫోన్ కలిపేశారు.

"ఒరే బుజ్జిబాబూ! పడవలన్నీ గట్టుకి లాగెయ్యండ్రా! వలలు పైకెత్తండి! బావ సెప్పేడు, గోదారి వచ్చేత్తంది! గేట్లన్నీ నా సేత్తోనే ఎత్తేశాన్రా నాయనా!"

బుజ్జిబాబు మా బావమరిది. వాడు ఊరందరికీ చెప్పాడు. ఊరివాళ్ళు పక్కూరికి చెప్పారు. ఇవతల నేను గేమ్ బాక్సు ముందు మోకాళ్ళ మీద కూర్చుని "లే నాయనా, లే తల్లీ" అని బతిమాలుతుంటే, పావుగంటలో నా ఫోన్ మోగింది. విజయ్ పాల్ గారు. మా డి.ఈ. గారన్నమాట, దున్నపోతు కాదు.

"ఏంటయ్యా గంగాధర్, గేట్లు ఎత్తేశావంట?"

"నేను కాదండి... మా అత్తగారండి..."

"మీ అత్తగారా! కాలవలకి నీళ్ళు కట్టేసిన నెల ఇది. బ్యారేజీ కింద ఇసకలో పిల్లలు క్రికెట్ ఆడుతున్నారు. వరదేంటయ్యా? మొగల్తూరు, నర్సాపురం నుంచి ఒకటే ఫోన్లు! ఎవడో మేడ మీదికి మేకల్ని కూడా ఎక్కించాడంట!"

"అది వరద కాదండి. ఆటండి."

"ఏంటీ?"

"టీవీలో ఆటండి. నా పొలాన్ని పెద్దదాంట్లోంచి చిన్నదాంట్లోకి మారుస్తుంటే మా అత్తగారు ప్లగ్గు తీశారండి."

"సోమవారం పొద్దున నా గదికి రా" అని పెట్టేశారు.

నిజం అలా బయటపడింది. డి.ఈ. గారికి చెప్పినది గదిలో ఉన్న ఇద్దరూ విన్నారు. అత్తగారు ప్యాడ్ మోకాలికి చుట్టుకుని మొగల్తూరుకి మళ్ళీ ఫోన్ చేసి, "దింపెయ్యండ్రా మేకల్ని" అన్నారు. నేను బుల్లి బాక్సు తెరిచాను. పొలం ఆట వచ్చింది. ఆశతో నొక్కాను.

ఒక పార. అరెకరం ముళ్ళకంప.

గేదెలు లేవు. కొబ్బరితోట లేదు. నాలుగేళ్ళు లేవు. సోఫాలో కూలబడ్డాను. అప్పుడు ఉషారాణి వచ్చి పక్కన కూర్చుంది.

"పోయిందా అండీ?"

"పోయింది."

"మొత్తమా?"

"ఆ నేల మీద నా అడుగు పడని చోటు లేదు ఉషా. చూపించడానికి నాన్న లేకపోయాడే అనుకునేవాణ్ణి" అన్నాను. ఎందుకన్నానో తెలియదు. ఆవిడ నా చెయ్యి పట్టుకుంది. ఆ తర్వాత టీవీ పెట్టింది.

పెద్ద బాక్సులో నా పేరు పక్కన, పొద్దున తొందరలో నేను చూడని ఇంకో పేరు కనబడింది. 'రాణి'. నొక్కింది. పొలం వచ్చింది. చూపు ఆగిపోయే పొలం. వరి, అరటి, గట్ల మీద బంతిపూలు, ఓ మూలన చేపల బజారు.

"ఎవరిదిది?"

"మాదండీ. అమ్మదీ నాదీ. మీరు ఆఫీసుకెళ్ళాక ఆడుకుంటాం. సెలవులిచ్చిన దగ్గర్నుంచి."

"నూటపది ఎకరాలు బాబూ" అన్నారు అత్తగారు మోకాలు నిమురుకుంటూ. "సేపల రేటు నేను సూత్తాను. ఆ ఆటలోవోళ్ళకి బేరం ఆడ్డం రాదు."

"ఇది కూడా పోవాలి కదా! ఇదెలా మిగిలింది?"

"ఇంటర్నెట్లో దాచే ఏర్పాటు ఉంది కదండీ, బ్యాకప్. అకౌంటు నా నంబరు మీదే ఉందిగా. మీరా బుల్లి బాక్సు కొన్నరోజే 'కొత్త పరికరం చేర్చారు' అని నాకు మెసేజ్ వచ్చింది. ఎందుకైనా మంచిదని ఆ రోజే మాది దాచేశాను."

"మరి నాది దాచలేదేం?"

"దాచేద్దామనే అనుకున్నానండీ. కానీ అది నీటిమట్టం మిషనన్నారు కదా. గవర్నమెంటు నీళ్ళు మనం దాచకూడదని వదిలేశాను."

సున్నా మార్కులు. స్టెప్పులతో సహా.

సోమవారం డి.ఈ. గారు నన్ను నిలబెట్టి అరగంట తిట్టి, పైవాళ్ళకి పంపడానికి సంజాయిషీ రాయించారు. 'అత్త', 'ప్లగ్గు' అనే మాటలు రాకుండా ఆ కాగితం రాయడానికి నాకు మూడు రోజులు పట్టింది. అత్తగారికి ఆ బుల్లి బాక్సు తెగ నచ్చింది. దాన్ని చేత పట్టుకుని పడుకుంటే మోకాలు సలపడం లేదన్నారు. వారం తిరక్కుండా మొగల్తూరు వెళ్ళిపోతూ దాన్ని కూడా పట్టుకెళ్ళిపోయారు.

టీవీ నాకు దక్కింది. పొలమే లేదు. రెండు రోజులు బెంగతో అన్నం తినకుండా కూర్చుంటే, మూడో రోజు ఆదివారం పొద్దున ఉషారాణి కంట్రోలర్ తెచ్చి చేతిలో పెట్టింది.

"మా పొలంలో పనికి ఒక మనిషిని చేర్చుకోవచ్చండీ. అమ్మతో మాట్లాడాను. సరేనంది."

"పాలేరుగానా?"

"ముందు కలుపు తియ్యండి. పని చూసి ఆలోచిద్దామంది."

చేరాను. ఏం చెయ్యను? తెర మీద ఒక మూల నా బొమ్మ నిలబడింది. తలకి గుడ్డ, చేతిలో కొడవలి. గట్టు మీద ఉషారాణి బొమ్మ గొడుగేసుకుని నిలబడింది. ఆవిడ టీ తాగుతూ సోఫాలో వెనక్కి వాలింది.

"ఏవండీ, మధ్యాన్నం భోజనాల వేళకి ఆ అరటితోట పక్కది అయిపోవాలి."

"అయిపోతుందండి" అన్నాను.

పెళ్ళయిన పద్నాలుగేళ్ళలో మా ఆవిడని 'అండి' అనడం అదే మొదటిసారి.