ఇంటికో యుద్ధ చరిత్రకారుడు కావాలి

లోకంలో శాంతి నెలకొనాలంటే ఒకటే దారి. ప్రతి ఇంట్లోనూ యుద్ధాల మీద పుస్తకాలు రాసే మనిషి ఒకరుండాలి!

నవ్వకండి. మా వీధి చివరి ఇంట్లో ఉండే చరిత్రకారుడుగారిని చూశాకే ఈ మాట అంటున్నాను. ఆయన యూరప్ రాజకీయాల మీద, యుద్ధాల మీద లావుపాటి సంపుటాలు రాశారు. ఏ ఒక్కటి తలకింద పెట్టుకు పడుకున్నా తెల్లారేసరికి మెడ పట్టేస్తుంది. వాటినిండా సామ్రాజ్యాలు కూలిపోతుంటాయి. మంత్రులు రాజీనామాలు చేస్తుంటారు. సైన్యాలు మంచులో దారి తప్పుతుంటాయి. పేజీ తిప్పితే చాలు, ఫిరంగి పేలుతుంది. మరి ఇంట్లోనో? చెంచా కింద పడ్డ చప్పుడైనా వినిపించదు!

ఎందుకంటే, "నాన్నగారు రాసుకుంటున్నారు."

ఈ ఒక్క మాటతో ఆ ఇల్లు ఎంత బాగుపడిందో చూడండి. తలుపు బందులకి ఎప్పుడూ నూనె ఉంటుంది. చుట్టాలు వచ్చినవాళ్ళు వచ్చినట్టే వెళ్ళిపోతారు. గుసగుసలతో ఎంతసేపని కబుర్లు చెబుతారు, పాపం! పాలమనిషి గేటు దగ్గరే చెప్పులు విప్పి, పాకెట్టుని మందుపాతరలా మెల్లగా మెట్టు మీద పెట్టి, వెనక్కి వెనక్కి నడుస్తాడు. పక్కింటి కుక్క కూడా మొరగాలనిపిస్తే అవతలి వీధికి వెళ్ళి మొరిగి వస్తుంది. ఏ ప్రభుత్వం సాధించగలదండీ ఇంత క్రమశిక్షణ?

ఒక్క నాయనమ్మకే ఈ చట్టం వర్తించదు. ఆవిడకి సగం చెవుడు. కొడుకు భోజనానికి లేవకపోతే గుమ్మంలో నిలబడి కేకేస్తుంది.

"ఒరేయ్, ఇంకా ఎంతమంది పోవాలిరా?"

ఆయన తల ఎత్తకుండానే రెండు వేళ్ళు చూపిస్తారు. రెండు లక్షలని అర్థం.

"అన్నం చల్లారిపోతోంది. ముందు తిని, తర్వాత వచ్చి చంపుకో!"

ఇక ఆయన భార్య బట్టలు కుడుతుంది. ఒకప్పుడు మిషను ముందుగదిలోనే ఉండేది. ఆవిడ అలా తొక్కడం మొదలుపెట్టగానే లోపలినుంచి ఆయన గొంతు వచ్చేది.

"ఏమోయ్, అప్పుడే మెషిన్‌గన్‌లేమిటి? నేనింకా కత్తుల దగ్గరే ఉన్నాను!"

ఆవిడ మిషన్ని పెరట్లో రేకుల షెడ్డులోకి మార్చుకుంది. తర్వాతి సంపుటంలో మెషిన్‌గన్‌లు రానే వచ్చాయి. ఆవిణ్ణి మాత్రం లోపలికి ఎవరూ పిలవలేదు.

అందరికన్నా ఎక్కువ లాభపడింది ఆయన కూతురు. నాయనమ్మ ముద్దుగా పిల్లికూన అంటుంది. పదో తరగతి పిల్ల. గ్లాసు కింద పెడితే చప్పుడుండదు, మెట్లు దిగితే చప్పుడుండదు. తుమ్ము వస్తే ముక్కు పట్టుకుని పెరట్లోకి పరుగెత్తుతుంది. స్కూల్లో టీచర్లంతా మెచ్చుకునేవాళ్ళే. "ఎంత మంచి పిల్లండీ! క్లాసులో ఉందో లేదో కూడా తెలియదు!" ఒక ఆడపిల్లకి ఇంతకన్నా గొప్ప ప్రశంస ఏం కావాలి?

కానీ ఆ పిల్ల మనసులో ఒక ప్రశ్న ఉండిపోయింది. అది నాన్ననే అడగాలి. ఎప్పుడు అడగాలి? బల్ల దగ్గరుంటే ఆయన రాస్తుంటారు. భోజనం దగ్గరుంటే ఏం రాయాలో ఆలోచిస్తుంటారు. అందుకని ఆ ప్రశ్నని సోషల్ టీచరుగారిచ్చిన వ్యాసంలో రాసేసింది. టీచరుగారు అది చదివి, ఇంకోసారి చదివి, పిల్లని పిలిచారు.

"ఇది యానివర్సరీ రోజు స్టేజి మీద నువ్వే చదవాలి. ముఖ్య అతిథి ఎవరో తెలుసా? మీ నాన్నగారే!"

పిల్లికూన ఎప్పుడూ స్టేజి ఎక్కి ఎరగదు. అయినా సరేనంది. ముఖ్య అతిథిని స్టేజి మధ్యలో కూర్చోబెడతారు కదా, మధ్యలోంచి లేచి వెళ్ళిపోవడం ఎవరికైనా కష్టమే!

మరి ప్రాక్టీసు ఎక్కడ చేయాలి? వాళ్ళమ్మే ఉపాయం చెప్పింది.

"షెడ్డులోకి రావే. నేను తొక్కుతుంటాను, నువ్వు చదువు. మీ నాన్నకి వినిపిస్తే మిషనే వినిపిస్తుంది, నువ్వు వినిపించవు."

ఎంత చక్కటి ఏర్పాటు! రోజూ ఆవిడ ఉత్త మిషను తొక్కేది. పిల్ల ఆ చప్పుడు చాటున చదివేది. కాగితం నోటికొచ్చేసింది. గొంతు మాత్రం మిషను కిందే ఉండిపోయింది.

యానివర్సరీ రోజు హాలు కిటకిటలాడుతోంది. పిల్లికూన మైకు ముందు నిలబడింది. పెదవులు కదులుతున్నాయి. చేతిలో కాగితం రెపరెపలే మైకులో బాగా వినిపించాయి!

"వినపడ్డంలేదు!" అని వెనకాల బెంచీలు అరిచాయి.

చరిత్రకారుడుగారు చెవి దగ్గర చెయ్యి పెట్టుకుని ముందుకు వంగారు. "గట్టిగా చదవమ్మా! ఏమిటా నసుగుడు? నోట్లోంచి మాటే రావడంలేదు. ఎవరు నేర్పారు నీకిలా?"

పిల్ల ఆయన వైపు చూసింది. చేతిలో కాగితం ఆయనకిచ్చేసి పక్కన నిలబడింది.

ఆయనది సభల్లో ఆరితేరిన గొంతు. హాలంతా ఖంగుమనేలా చదవడం మొదలుపెట్టారు.

"మా నాన్నగారి పుస్తకంలో మొదటి ప్రపంచ యుద్ధం ముగిసిన రోజు ఉంది. ఎన్ని గంటలకి ఫిరంగులు ఆగాయో ఉంది. ఎవరు సంతకాలు పెట్టారో ఉంది. ఆ తర్వాత సైనికులు ఇళ్ళకి వెళ్ళారని ఒక్క వాక్యం ఉంది. నాకు తెలియనిది ఒక్కటే. అన్నాళ్ళు ఇంటి ధ్యాస లేకుండా యుద్ధంలో ఉన్న నాన్న తిరిగొచ్చి, తలుపు అవతల పిల్లలు మాట్లాడుతుంటే విన్నాడనుకోండి. అది తన పిల్లల గొంతేనని..."

అక్కడ ఆగిపోయారు. దగ్గు వచ్చిందేమోనని ఎవరో మంచినీళ్ళు అందించారు. ఆయన తాగలేదు. గ్లాసు పక్కన పెట్టి మిగిలిన ఒక్క మాటా చదివారు.

"...గుర్తుపట్టాడా?"

చప్పట్లు కొట్టాలో వద్దో హాలుకి అర్థం కాలేదు. ఆయన మైకు పక్కకి తిప్పేసి, కూతురి ముందు వంగి ఏదో అడిగారు. పిల్ల ఏదో చెప్పింది. వెనక వరసలో ఉన్న నాకు ఒక్క ముక్క వినిపిస్తే ఒట్టు!

పాఠకులారా, ఆ ఇంటి పతనం ఆ రోజే మొదలైంది.

మర్నాటినుంచి పిల్లికూన ఆయన గది గడప మీద కూర్చుంటోంది. మొదట్లో ఒకటీ అరా మాటలే. ఇప్పుడు ఆపమన్నా ఆపడంలేదు. మొన్న వాళ్ళమ్మకి కొలతలివ్వడానికి వెళ్ళినప్పుడు నా చెవులారా విన్నాను.

"ఒక్క అరగంట ఆగమ్మా. సైన్యం నది దాటుతోంది."

"అందులో ఈత రానివాళ్ళు ఉండరా నాన్నా?"

"ఉంటారు."

"మరి వాళ్ళు ఎలా దాటారు?"

ఆయన ఒక పుస్తకం తీశారు, ఇంకోటి తీశారు. నేల మీద పుస్తకాలన్నీ పరుచుకుని తండ్రీ కూతుళ్ళిద్దరూ వెతుకుతున్నారు. ఎక్కడా లేదట! అది తేలేదాకా పెన్ను ముట్టనని ఆయన కూర్చున్నారు.

ఫలితం? ఆ సైన్యం ఇంకా నదికి ఇవతలి గట్టునే ఉంది. అవతలి గట్టున శత్రువులు కాచుకుని ఉన్నారు. ఇన్నాళ్ళయినా ఒక్కడంటే ఒక్కడు చావలేదు! మీరే చెప్పండి, పిల్లల్ని ఇలా మాట్లాడనిస్తే యుద్ధం ముందుకెలా సాగుతుంది?