నల్లగుంటపల్లెకు విమానం వచ్చిన రోజు

నల్లగుంటపల్లె విమానాశ్రయానికి ఎనభై ఏళ్ల ఘనచరిత్ర ఉందని, వచ్చే ఆదివారం ఆ చరిత్రను ప్రజలకు అంకితం చేస్తున్నామని మంత్రి ఏకాంబరం గారు చిత్తూరులో ప్రకటించారు. చప్పట్లు మోగాయి. ముప్ఫై ఒక్క ఏళ్లుగా ఆ విమానాశ్రయానికి కాపలా కాస్తున్న దొరస్వామి ఆ ప్రకటన పేపర్లో చదివి ఉలిక్కిపడ్డాడు. ఇంత చరిత్ర తన కళ్లుగప్పి ఎప్పుడు జరిగిపోయిందో అతనికి అర్థం కాలేదు.

బంగారుపాళ్యానికి ఆరు కిలోమీటర్ల దూరంలో ఉన్న ఆ విమానాశ్రయంలో ఒక రన్‌వే, ఒక రేకుల గది, నాలుగు శంకుస్థాపన రాళ్లు ఉన్నాయి. రన్‌వే మీద ఊరివాళ్లు చింతపండు ఎండబెట్టుకుంటారు. దొరస్వామిది దినకూలీ ఉద్యోగమే అయినా పని మాత్రం నిక్కచ్చి. రోజూ సాయంత్రం రాకపోకల రిజిస్టరు తెరిచి, తేదీ వేసి, ‘విమానాలు: నిల్’ అని రాసి సంతకం పెడతాడు. అతనికి జ్వరం వచ్చిన రోజుల్లో భార్య వరదమ్మ రాసేది.

ఈ నిష్ఠకు ఒక కారణం ఉంది. రెండో రాయి వేసిన మంత్రి ఎవరో ఆ సంతోషంలో ఒక జీవో ఇచ్చి వెళ్లారు: ‘తొలి విమానం వచ్చిన తేదీ నుండి సదరు వాచ్‌మన్‌ను పర్మనెంట్ చేయవలెను.’ దొరస్వామి దాన్ని లామినేషన్ చేయించి దేవుడి పటాల పక్కన తగిలించాడు. రిటైర్మెంటుకు ఇక ఏడాదే ఉంది. పర్మనెంట్ అయితే పెన్షన్ వస్తుంది. వరదమ్మ మామిడి గుజ్జు ఫ్యాక్టరీలో నిలబడి పనిచెయ్యడం మానేసి మోకాళ్లకు విశ్రాంతి ఇవ్వొచ్చు. ఇద్దరూ ఇంటిపట్టున కూర్చుని వేడివేడి సంగటి తినొచ్చు. అంతకుమించి అతనికి ఆశ లేదు.

చరిత్ర సేకరించడానికి ప్రత్యేకాధికారి బాలచంద్ర గారు కారులో వచ్చారు.

“యుద్ధకాలంలో ఇక్కడ ఏయే విమానాలు దిగాయి?”

“ఏదీ దిగలేదు సార్. తెల్లోళ్లు రన్‌వే ఏసినారు. మా నాయన గూడా రాళ్లు మోసినాడు. పని ముగిసేలోపల యుద్ధం అయిపాయ.”

‘రన్‌వే పూర్తయిన వార్త వినగానే శత్రువు లొంగిపోయాడు’ అని బాలచంద్ర రాసుకున్నారు.

“తర్వాత మిలిటరీవాళ్లు వచ్చారా?”

“ఒగసారి జీపులో వచ్చినారు సార్. బంగారుపాళ్యానికి యాట్లా పోవల్లని అడిగి పోయినారు.”

‘సైన్యానికి దారి చూపిన విమానాశ్రయం.’

“డొమెస్టిక్ సర్వీసులు?”

దొరస్వామి నాలుగు రాళ్ల వైపు చెయ్యి చూపించాడు. ‘నాలుగు దశల్లో అభివృద్ధి’ అని రాసి బాలచంద్ర తృప్తిగా పెన్ను మూశారు.

మంత్రిగారు ఆ చరిత్ర చదివి ముచ్చటపడ్డారు. కానీ దూరదృష్టి గల మనిషి కదా, ఒక లోపం పట్టుకున్నారు. “ఫొటోలో విమానం లేకుంటే జనం దీన్ని బైపాస్ రోడ్డు అనుకుంటారయ్యా.”

దాంతో చెన్నైలో మూలనపడి ఉన్న ఒక చిన్న విమానానికి యోగం పట్టింది. ఇంజను లేదు. రెక్కలు విప్పి పక్కన కట్టి లారీ మీదికి ఎక్కించారు. తడ దగ్గర టీ అంగడి ముందు ఒక పెద్దాయన “దిగి దాని పాటికి అది ఎగిరిపోరాదా?” అని డ్రైవరును నిలదీశాడు. తిరుపతిలో ఒక లాడ్జి ఏజెంటు లారీ వెంట పరిగెత్తి రూము కావాలా అని అడిగాడు.

ఆదివారం చింతపండు ఎత్తించి రన్‌వే ఊడ్చారు. పదకొండు ఇరవైకి లారీ లోపలికి వచ్చింది. దొరస్వామి ముప్ఫై ఒక్క ఏళ్లుగా దాచుకున్న పచ్చజెండా ఊపాడు. రిజిస్టర్లో ‘విమానాలు: 1’ అని రాశాడు. రెక్కలు బిగించారు, మంత్రిగారు ఐదో రాయి వేశారు, గంటన్నర ప్రసంగించారు. ఆయన వేదిక దిగేసరికి దొరస్వామి లామినేషన్ జీవో పట్టుకుని ఎదురుగా నిలబడ్డాడు.

మంత్రిగారు కెమెరాల వైపు తిరిగి గట్టిగా చదివారు. “ఏమయ్యా బాలచంద్రా, విమానం వచ్చిందా లేదా?”

“వచ్చింది సార్.”

“గాల్లోనే రావాలని ఇందులో ఉందా?”

“లేదు సార్.”

అక్కడికక్కడే సంతకం పెట్టారు. దొరస్వామికి ఏడుపు ఆగలేదు. వరదమ్మ కొంగుతో అతని మొహం తుడిచి, “ఇంగేమయ్యా, పర్మనెంట్ అయితివి, ఊరుకో” అంటూ తానూ ఏడ్చింది.

మూడు గంటలకు మంత్రిగారి కార్లు వెళ్లిపోయాయి. లారీ డ్రైవరు మోహన రెక్కలు విప్పసాగాడు.

“యాడికప్పా దీన్ని తీసకపోతాండావు?” అన్నాడు దొరస్వామి కంగారుగా.

“రేపు పక్క జిల్లాలో చరిత్ర ఉండాదన్నా. ఆడ గూడా విమానం కావల్ల గదా.”

బాలచంద్ర వచ్చి, పోక కూడా రిజిస్టర్లో రాయమన్నారు. “ఒక రాక, ఒక పోక. సర్వీసు మొదలైనట్టే.” ఆ పైన ఒక కాగితం చేతికిచ్చారు. “ఇది నీ ఆర్డరు. నీ పోస్టు విమానం మీద మంజూరైంది. అది ఎక్కడుంటే నువ్వు అక్కడ.”

“నా ఇల్లు ఈడ ఉండాది గదా సార్?”

“టెంపరరీవాళ్లకు ఇల్లు ఉంటుంది దొరస్వామీ. పర్మనెంటువాళ్లకు హెడ్‌క్వార్టర్స్ ఉంటుంది. ఎక్కకపోతే ఆర్డరు రద్దు.”

వరదమ్మ ఉరుకులు పరుగుల మీద ఇంటికి పోయి పెరుగన్నం క్యారియరు, దుప్పటి తెచ్చింది. “మళ్లా ఎప్పుడప్పా వచ్చేది?” అని మోహనను అడిగింది.

“జిల్లాలన్నీ తిరగల్లక్కా. ఒగ ఏడాది పట్టొచ్చు.”

దొరస్వామి నిచ్చెన ఎక్కి, లారీ మీదికి చేర్చిన విమానంలోకి దూరాడు. లోపల సీట్లు లేవు. క్యారియరు ఒళ్లో పెట్టుకుని, నేల మీద కూర్చుని, మెడ చాచి కిటికీలోంచి భార్యను చూశాడు. బాలచంద్ర ఫొటో తీయించారు. మోహన హారన్ కొట్టాడు. విమానం హైవే ఎక్కి కనుమరుగైంది.

మర్నాడు పేపర్లో ఆ ఫొటో పడింది: ‘నల్లగుంటపల్లె నుంచి విమాన సర్వీసు ప్రారంభం. తొలి ప్రయాణికుడు స్థానికుడే.’

ఆ సాయంత్రం వరదమ్మ రన్‌వే మీద చింతపండు తిరగేసి, వచ్చి ఐదో రాయి మీద కాళ్లు చాపుకుని కూర్చుంది. రిజిస్టరు తెరిచింది. తేదీ వేసి, ‘విమానాలు: నిల్’ అని రాసింది.