ప్రారంభోత్సవానికి శవం కావలెను

మా వల్గారా పట్టణ మేయర్ డగ్లస్ టిండేల్ గారు ఎన్నికలకు సరిగ్గా ఏడు వారాల ముందు మత సామరస్యాన్ని కనిపెట్టారు. "ఏ పట్టణమూ చేయని పని మన పట్టణం చేస్తోంది. మన సమాధుల తోటలో పేగన్ సోదర సోదరీమణులకు ప్రత్యేక విభాగం కేటాయిస్తున్నాం" అని టౌన్‌హాల్ మెట్ల మీద నిలబడి ప్రకటించారు. విన్నవాళ్లం ఐదుగురం. అందులో ముగ్గురు బస్సు కోసం నిలబడ్డవాళ్లు.

పంతొమ్మిదేళ్లుగా ఆ తోటలో గడ్డి కోసేదీ, గోతులు తవ్వేదీ నేనే గనక ఈ చరిత్ర నేను రాయడమే న్యాయం.

పేగన్లంటే మా ఊళ్లో పదకొండు మంది. చెట్టుకూ ఏటికీ ఋతువుకూ దండం పెట్టుకునేవాళ్లు. వాళ్ల గురువు హెస్టర్ ప్లమ్‌రిడ్జ్. అరవై నాలుగేళ్ల మనిషి. ముప్ఫై ఏళ్లు పశువుల ఆసుపత్రిలో నర్సుగా చేసింది. ఏటి ఒడ్డున పెళ్లిళ్లు జరిపిస్తుంది, పిల్లలకు పేర్లు పెడుతుంది, పోయేవాళ్ల చేయి పట్టుకుని కూర్చుంటుంది. ఆమె ఏ విభాగమూ అడగలేదు. ఆరేళ్లుగా అడిగింది ఒక్కటే: మావాళ్లను వాళ్ల భార్యల పక్కనో భర్తల పక్కనో, మా మంత్రాలతో పూడ్చుకోనివ్వండి అని. ఏ చర్చి వరసలో ఆ చర్చి పాస్టరే ప్రార్థన చేయాలని మా నియమం. అందుకని "మీ విన్నపం పరిశీలనలో ఉంది" అంటూ కౌన్సిల్ ఆమెకు ఆరు ఉత్తరాలు రాసింది. ఆరింటిలోనూ ఒక్క అక్షర దోషం లేదు.

మేయర్ గారు ఆమెను పిలిపించారు. నేను స్థలం కొలతలతో పక్కనే ఉన్నాను.

"హెస్టర్ గారూ, సామరస్య శాఖ మంత్రిగారు పద్నాలుగో తారీఖున ప్రారంభోత్సవానికి వస్తున్నారు. ఆ రోజున విభాగం ఖాళీగా ఉంటే బాగుండదు. మీవాళ్లలో ఎవరైనా..."

"ఎవరైనా?"

"అదే, సిద్ధంగా ఉన్నవాళ్లు."

"వెర్న్ కాఫ్లన్‌కి ఒంట్లో బాగాలేదు. ఆసుపత్రిలో ఉన్నాడు."

"అయ్యో, చాలా విచారకరం" అని మేయర్ గారు డైరీ తెరిచారు. "డాక్టర్లు ఏ తారీఖంటున్నారు?"

ఆ మధ్యాహ్నమే ముగ్గురం పరామర్శకు వెళ్లాం. పూలగుత్తి మోసింది నేను. వెర్న్‌కి ఎనభై ఒకటి. ఈ చుట్టుపక్కల కంచెల్లో సగం అతను వేసినవే.

"ఎలా ఉన్నారు వెర్న్ గారూ?"

"నిన్నటి మీద నయంరా డగ్లస్."

మేయర్ గారి మొహం వాడిపోయింది. అయినా ప్రజాసేవకుడు గనక వెనక్కి తగ్గలేదు. "మీకోసం ప్రత్యేకంగా ఒక చోటు చూసి ఉంచాం. మంత్రిగారు స్వయంగా వస్తారు."

"నా చోటు నాకుంది. మెథడిస్టు చర్చి వరసలో, మా ఆవిడ డాట్ పక్కన. యాభై మూడేళ్లు దాని గురక విన్నాను. నిశ్శబ్దంలో నాకు నిద్ర పట్టదు."

"నియమం ఒప్పుకోదు కదండీ."

"నేను వేసిన కంచె దూకి నువ్వు బడి ఎగ్గొట్టేవాడివి. అప్పుడెక్కడికి పోయిందిరా నీ నియమం?"

వరండాలోకి వచ్చాక మేయర్ గారు హెస్టర్‌ను పక్కకు పిలిచారు. "మీ దేవతతో ఒక మాట చెప్పి చూడరాదూ? పద్నాలుగు లోపల..."

"మా దేవత ఎన్నికల జోలికి రాదు డగ్లస్" అంది హెస్టర్.

మేయర్ గారి మీద కోపంతోనే అనుకుంటాను, వెర్న్ వారంలో కోలుకున్నాడు. పద్నాలుగో తారీఖున చక్రాల కుర్చీలో వచ్చి ముందు వరసలో కూర్చున్నాడు. మంత్రిగారు అతని చేయి పట్టుకుని, "మీలాంటివాళ్ల వల్లే ఈ స్థలానికి జీవం వస్తుంది" అన్నారు.

"ఇంకొన్నాళ్లు ఓపిక పట్టండి" అన్నాడు వెర్న్.

తర్వాత శిలాఫలకం వచ్చింది. మంత్రిగారి పేరు, మేయర్ గారి పేరు, కౌన్సిలర్లందరి పేర్లు చెక్కిన పెద్ద రాయి. విభాగం పొడవు ఎనిమిదడుగులు, వెడల్పు నాలుగు. "ఓ మూలకి పెడదాం సార్" అన్నాను.

"మూలకా?" అంది హెస్టర్. "మంత్రిగారి పేరు మూలకు నెడతావా? నట్టనడుమ పెట్టించండి డగ్లస్. కింద కాంక్రీటు బాగా లోతుగా పోయించండి. ఏటి గాలులు మంచివి కావు."

మేయర్ గారి కళ్లు చెమర్చాయి. మైనారిటీల నుంచి ఇంత గౌరవం ఆయన ఎరగరు. ఎన్నికల్లోనూ ఆయనే గెలిచారు.

సెప్టెంబరులో తుమ్మలు పసుపు పచ్చగా పూసిన వారం వెర్న్ పోయాడు. చివరిదాకా అతని చేయి హెస్టర్ చేతిలోనే ఉంది. మర్నాడు పొద్దున్నే ఆమె కౌన్సిల్ ఆఫీసుకు వచ్చింది. తాళంచెవుల కోసం నేనూ అక్కడే ఉన్నాను.

"పేగన్ విభాగంలోనే కదా?" అని గుమస్తా నోరీన్ ప్లాను విప్పింది. కాసేపు చూసింది. "అది నిండిపోయిందండీ."

"ఎవరున్నారు?"

"మంత్రిగారి రాయి."

"తీయించగలవా?"

"మంత్రిగారి పేరు తవ్విపారేయమంటారా?" నోరీన్ గొంతు తగ్గించింది.

"వద్దులే తల్లీ. ముప్ఫై ఒకటో నియమం చదువు."

నోరీన్ పైకే చదివింది. "ఒక విభాగంలో చోటు లేని పక్షంలో, మృతుని ఆప్తులు కోరిన ఖాళీలో, సదరు విభాగపు ఆచారాల ప్రకారమే ఖననం జరపవలెను." మూడుసార్లు చదివి, ముద్ర వేసింది.

డాట్ పక్కన గొయ్యి తవ్వాను. మెథడిస్టు పాస్టర్ వచ్చి టోపీ తీసి వెనక నిలబడ్డాడు. హెస్టర్ నాలుగు దిక్కులనూ పిలిచింది. వెర్న్‌కి ఇష్టమైన బీరు మట్టిలో పోసింది. "డాట్, కాస్త జరుగమ్మా" అంది. తర్వాత నేను తవ్విపోసిన మట్టికుప్ప మీద కూర్చుని చాలాసేపు ఏడ్చింది. ఆమె ఏడవగా చూడటం నాకదే మొదలు.

మరుసటి నెల, దేశం మొత్తంలో అన్నిటికన్నా ఎక్కువ సామరస్యం వెల్లివిరిసే సమాధుల తోటను ఎంపిక చేసే కమిటీ మా ఊరు వచ్చింది. మేయర్ గారు వాళ్లను తిన్నగా శిలాఫలకం ముందుకు తీసుకెళ్లారు. రాయి చుట్టూ గడ్డి ఆ పొద్దునే కోశాను.

"ఇక్కడి పేగన్లు తృప్తిగానే ఉన్నారా?" అని కమిటీ అధ్యక్షురాలు కలం తీసింది.

"ఇప్పటిదాకా ఒక్క ఫిర్యాదూ రాలేదండీ" అన్నారు మేయర్ గారు.