మూడు ప్రాణాల సత్యమ్మ

అది రెండువేల ఏడో సంవత్సరం. సాయంత్రంలోగా సినిమా పూర్తిచేసి, మరునాడు హైదరాబాదు పోటీకి పంపాలని గద్వాలలో అర్చన పొద్దున్నే కంప్యూటర్ ముందు కూర్చుంది. మూడు నిమిషాల బొమ్మల సినిమా. వీడియోగేమ్‌లోనే పుట్టి, బయట వేరే లోకం ఉందని తెలియని ఒక నేతగత్తె కథ. పోగు తెగినప్పుడల్లా ఆమెకు ఒక ప్రాణం పోతుంది; ఉన్నవి మూడే. చీర అంచుల డిజైన్లు గీయడానికి వాడే గళ్ల కాగితం మీదే బొమ్మ గీసింది. మొహం మాత్రం తల్లి సత్యమ్మది. ఇలాంటిది ఇంతవరకు ఎవరూ తీయలేదని అర్చనకు గట్టి నమ్మకం.

స్నేహితురాలు రజని ఫోన్ చేస్తే గొంతెత్తి చెప్పింది. "అమ్మను మూడుసార్లు సంపిన. మూడోసారి మస్తుగొచ్చింది!"

కిటికీ పక్కన బట్టలారేస్తున్న పొరుగింటి జములమ్మ పరుగున లోపలికొచ్చింది. "మీయమ్మ ఏదే?"

"పోయింది," అంది అర్చన తెర మీంచి కళ్లు తిప్పకుండా.

"అయ్యో! ఎప్పుడు?"

"పొద్దుగాలనే."

"ఎట్ల పోయిందే?"

"ఆటోల."

సత్యమ్మ పట్టు తేవడానికి చేనేత సొసైటీకి వెళ్లింది. జములమ్మకు మాత్రం అంతా అర్థమైపోయింది. ఆటో బోల్తాపడి తల్లి పోయింది. పిల్లకు దిమాక్ ఖరాబై తనే చంపానంటోంది. వెంటనే కొత్తకోటలో ఉన్న సత్యమ్మ చెల్లెలు కౌసల్యమ్మకు ఫోన్ చేసింది. అర్చనేమో సంగీతం సరిచూసుకోవడానికి చెవులకు హెడ్‌ఫోన్ తగిలించుకుంది.

కబురు వాడ చివరికి చేరేసరికి ఆటో కాస్తా లారీ అయింది. శవం ఆస్పత్రి నుంచి వస్తుందని పదకొండింటికి ఇంటి ముందు టెంటు లేచింది. మధ్యాహ్నం జీపు దిగిన కౌసల్యమ్మ పూలదండతో గుమ్మంలోనే కూలబడింది. ఒక పెళ్లిలో పెట్టిన చీర నచ్చక మొదలైన తగాదాతో అక్కాచెల్లెళ్లకు ఆరేళ్లుగా మాటల్లేవు.

"అక్కా! ఆరేండ్ల సంది నీతోని మాట్లాడకపోతిని. నీ తప్పేం లేకుండె, తప్పంత నాదే!"

అప్పుడే పట్టు మూటతో వచ్చిన సత్యమ్మ, కూతురికేమైందోనని జనాన్ని తోసుకుంటూ ముందుకొచ్చింది. చెల్లెలి మాట విని ఆగిపోయింది.

"గీ ముక్క అప్పుడే చెప్తే నీ సొమ్మేం పోతుండె?"

కౌసల్యమ్మ కెవ్వుమంది. ఆ పైన అక్కను వాటేసుకుంది. మధ్యలో దండ నలిగిపోయింది. ఆ ఏడుపులకు అర్చన హెడ్‌ఫోన్ తీసి బయటికొచ్చింది. "ఏమైంది? ఎవరు పోయిండ్రు?"

సంగతి తెలిశాక అర్చన ఏమాత్రం తొణకలేదు. కంప్యూటర్ తెరను గుమ్మం వైపు తిప్పి, టెంటు కింద ఉన్నవాళ్లందరికీ సినిమా చూపించింది.

"మంచిగనే సచ్చిన," అంది సత్యమ్మ కళ్లొత్తుకుంటూ.

కౌసల్యమ్మ మూతి ముడిచింది. "అక్కనొక్కదాన్నే పెడితివి. నేను కానరాలేదా నీకు?"

మాటలు మళ్లీ ఆగిపోయేలా ఉన్నాయని సత్యమ్మ కూతురికి కంగారుగా సైగ చేసింది.

మరునాడు పంపిన సినిమాలో కౌసల్యమ్మ కూడా చచ్చింది, ఆమె కోరిక మీదే, అక్క కంటే ఒకసారి ఎక్కువ.