గాలి రక్షణ సంఘం వారి పన్నెండు కుర్చీలు

ఓర్వకల్లు రాళ్లగుట్టల చుట్టూ గాలి వీచడం లేదని కొందరు గొణుగుతుంటారు. వాళ్ల మాట పట్టించుకోకండి. గాలి లేకపోవడంలోని సుఖం అనుభవించేవాళ్లకే తెలుస్తుంది. ఆరేసిన లుంగీ పక్కింటి మిద్దె మీదికి పోదు. పొరుగింటి కోడికూర వాసన మన ఇంటికి రాదు, పిల్లలు అన్నం దగ్గర అలగరు. డోన్ బస్సు లేపిన దుమ్ము లేచిన చోటే మర్యాదగా కూర్చుంటుంది. మనిషికి ఇంకేం కావాలి?

ఈ సుఖం ఊరికే రాలేదు. ఆ గుట్టల నడుమ ఒక గుహ ఉంది. చుట్టుపక్కల నలభై ఊళ్ల గాలి అందులోనే పుడుతుంది. దాన్ని దొంగలెత్తుకుపోకుండా గాలి రక్షణ సంఘం కాపాడుతోంది. గుహకు ముందువైపు ఏనుగు పట్టేంత ఇనుప తలుపు. వెనకవైపు గుహ గోడకే ఆనించి కట్టిన సంఘం హాలు, దానికి అద్దాల కిటికీలు, లోపల పన్నెండు కుర్చీలు. సభ్యులు గోడకు వీపు ఆనించి కూర్చుని కాపలా కాస్తారు. కూర్చున్న కుర్చీ జరపరాదన్నది సంఘం మొదటి నిబంధన.

పన్నెండో కుర్చీ ఉరుకుందప్పది. రోజూ పొద్దున్నే ఇనుప తలుపు సందుల్లో జిగురుమట్టి పూయడం అతని పని. ఇరవై రెండేళ్లుగా పూస్తున్నాడు. అతను పూసిన సందులోంచి చీమ ఊపిరి కూడా బయటికి రాదని పేరు.

అంతటి మనిషికి ఈ ఏడు ఒక చిక్కు వచ్చిపడింది. ఆ చిక్కు పేరు గిడ్డమ్మ. సొంత అక్క.

గుట్ట కిందే గిడ్డమ్మ కళ్లం. నాలుగెకరాల కొర్ర నూర్చి కుప్ప పోసింది. గింజా పొట్టూ కలిసే ఉన్నాయి. తూర్పారబట్టాలంటే గాలి కావాలి. ఫ్యాన్ పెట్టుకోవచ్చు కదా అంటారేమో. సంఘం ముద్ర లేనిది దొంగగాలి! ఫ్యాన్‌తో సహా జప్తు చేస్తారు. పడమట మబ్బు కమ్ముకొస్తోంది. మబ్బులు సంఘం పరిధిలోకి రావు కాబట్టి అవి చెప్పినట్టు వినవు. కుప్ప తడిస్తే మొలకలొస్తాయి. ఏడాది తిండి అదే.

వెనకటికి కళ్లాల కాలంలో తలుపు ఒక పూట తీసేవారు. తర్వాత ఒక గంట తీశారు. పోయినేడు తీస్తే వచ్చిన గాలికి హారతి కర్పూరం కూడా ఆరలేదు. గాలి పొదుపు అలవాటు చేసుకుందని సంఘం సంతోషించింది.

"మూడుతూర్లు అర్జీ పెట్టినా," అంది గిడ్డమ్మ తమ్ముడితో. "గాలి లేదని సర్టిఫికెట్ తెమ్మన్యారు."

"మా ఇన్‌స్పెక్టర్ వచ్చి ఇస్తాడుక్కా."

"వచ్చినాడు గదప్పా. దూది పట్టుకోని కళ్లంలో నిలబడె. తుమ్మె. దూది కదిలె. గాలి ఉండాదని రాసుకోని పాయె."

నిబంధనల ప్రకారం ఇన్‌స్పెక్టర్ చేసింది తప్పు కాదు.

కానీ గిడ్డమ్మ తలుపు ముందు చేట పట్టుకుని కూర్చునేసరికి, ఊరి ఆడవాళ్లంతా ఆమె వెనక చేరేసరికి, అధ్యక్షుడు వీరభద్ర తలుపు తీయించక తప్పలేదు. ముందు గంటన్నర ఉపన్యాసం. గాలి మన వారసత్వమన్నాడు. తర్వాత కొబ్బరికాయ. ఆపైన నలుగురు మనుషులు తలుపు లాగారు.

ఏమీ రాలేదు. ఒక గబ్బిలం మాత్రం గుమ్మం దాకా వచ్చి, ఉక్కకు తాళలేక లోపలికే పోయింది.

"గాలి అలిగినట్టుండాది," అన్నాడు వీరభద్ర చెమట తుడుచుకుంటూ. "కమిటీ వేస్తాం. లోపలికి పదండి, మాట్లాడుకుందాం."

హాల్లో ఆయన కుర్చీలో కూర్చున్నాడు. గిడ్డమ్మ ఎదురుగా నిలబడి కాసేపు చూసింది.

"ఒరే తమ్ముడూ, ఆయప్ప కండువా ఎందుకట్ల ఎగురుతాండాది?"

ఇక్కడ సంఘం ఆనవాయితీ ఒకటి చెప్పాలి. సభ్యుడు ప్రమాణం చేసిన రోజే తన వీపు వెనక గోడకు నువ్వుగింజంత రంధ్రం చేసుకుంటాడు. ఉక్కపోతలో కాపలా ఎలా కాస్తారు మరి! ఏటేటా దబ్బనంతో కాస్త కాస్త పెద్దది చేసుకుంటాడు. దిగిపోయేనాటికి అది నిమ్మకాయంత అవుతుంది. తర్వాత వచ్చినవాడు నిమ్మకాయ దగ్గర మొదలుపెడతాడు.

బయట ఉరిమింది. ఉరుకుందప్ప అక్క ముఖం చూశాడు, కిటికీలోంచి కుప్ప చూశాడు. తన కుర్చీ పట్టుకుని పక్కకు లాగాడు. గోడలోంచి సన్నగా ఈల వినిపించింది.

"ఇది నాదిక్కా. శనగ్గింజంత."

తర్వాత వీరభద్ర కుర్చీ దగ్గరికి నడిచాడు. "లేయండి సార్."

"రూల్ తెలీదా నీకు?"

"తెలుసు సార్. ఇరవై రెండేండ్లు ముందర తలుపుకు మట్టి పూస్తి. ఎనక గోడకు ఒక్కనాడు పూయకపోతి."

"లేయప్పా," అంది గిడ్డమ్మ. "లేకుంటే కొర్రలు నీ నెత్తిన పోస్తా."

లేచాడు. టెంకాయంత రంధ్రం! మిగతా పది కుర్చీలూ జరిగాయి. ఆడవాళ్లు కుప్పను గోతాల్లో మోసుకొచ్చి, ఆ రంధ్రాల ముందు చేటలెత్తి హాల్లోనే తూర్పారబట్టారు. పొట్టు సభ్యుల టీలో పడింది, మీసాల మీద పడింది, గోడ మీది నిబంధనల బోర్డును కప్పేసింది. తొలి చినుకు పడేసరికి గింజలు మూటల్లో ఉన్నాయి.

మర్నాడు సంఘం అత్యవసరంగా సమావేశమైంది. కుర్చీ జరిపిన నేరానికి ఉరుకుందప్పను తొలగించారు. ఇన్ని రంధ్రాలుంటే దొంగలు దూరరా? అందుకని రంధ్రానికొక కొత్త కాపలాదారును వేసి, ఎత్తు వీపున్న కొత్త కుర్చీలు తెప్పించారు. వాటిని నేలకు బిగించారు.

నెల తర్వాత గిడ్డమ్మ కళ్లానికి కాగితం వచ్చింది. ఉరుకుందప్ప చదివి వినిపించాడు. "మీ కొర్రలు తూర్పారబట్టబడినట్లు తేలినందున మీ వద్ద గాలి ఉన్నట్లు నిర్ధారణ అయినది. అర్జీ తిరస్కరించడమైనది."

గిడ్డమ్మ ఆ కాగితం లాక్కుని విసిరేసింది. అది ఎటూ ఎగరలేదు. నిటారుగా దిగి ఆమె కాళ్ల దగ్గరే పడింది.

కాపలా ఎంత పకడ్బందీగా ఉందో చూశారా!